మాస్కు తీసేసి తెర మీదికి వచ్చినవాళ్ళు

1892 అక్టోబర్ 28న పారిస్‌లోని గ్రెవాన్ మైనపు బొమ్మల మ్యూజియంలో ఎమిల్ రేనో అనే ఆయన జనానికి ఒక కొత్త వినోదం చూపించాడు. లుమియేర్ సోదరులు టికెట్ పెట్టి సినిమా వేసిన 1895 డిసెంబర్ 28 రావడానికి ఇంకా మూడేళ్ళు ఉంది. రేనో దగ్గర సినిమా కెమెరా లేదు. పొడవాటి పట్టీ మీద ఒక్కో బొమ్మా చేత్తో గీసి, రంగులద్ది, అద్దాల సాయంతో తెర మీద పడేలా చేశాడు. ఆ రోజు వేసిన వాటిలో ఒకటి ‘పాపం పియరో’. ఐదు వందల బొమ్మలు. రేనో పక్కనే నిలబడి పట్టీని ముందుకీ వెనక్కీ తిప్పుతూ వాటినే పావుగంట దాకా ఆడించేవాడు.

కథ చాలా చిన్నది. రాత్రివేళ ఒక తోట. అందులో కొలంబీన్ అనే అమ్మాయి, ఆమె ప్రియుడు ఆర్లెకాన్. ఇంతలో తెల్లబట్టల పియరో పూలగుత్తి పట్టుకుని వస్తాడు. ఆర్లెకాన్ చాటుకి తప్పుకుని, పియరో పాట ఎత్తుకోగానే కర్రతో ఒకటిచ్చి, బెదరగొట్టి తరిమేస్తాడు. కర్ర దెబ్బ పడే చోట రేనో తన పట్టీకి చిన్న వెండి రేకులు అతికించాడు. ఆ రేకు తగలగానే కరెంటు పారి ఒక సుత్తి టక్కుమని మోగేది. అంటే తెర మీద కదిలే బొమ్మకి శబ్దం కలపడానికి జరిగిన మొట్టమొదటి ప్రయత్నాల్లో ఒకటి ఆర్లెకాన్ చేతి కర్ర దెబ్బ కోసమే జరిగింది.

ఆ ముగ్గురినీ చూసి ఎవరు వీళ్ళు అని అడిగినవాళ్ళు ఆ హాల్లో ఉండి ఉండరు. ఆర్లెకాన్‌కి అప్పటికే మూడు వందల ఏళ్ళు. ఇటలీలో ఆర్లెక్కీనోగా పుట్టి, పారిస్‌లో ఆర్లెకాన్ అయి, లండన్‌లో హార్లెక్విన్ అయ్యాడు. సినిమా పురిట్లో ఉండగానే ఈ ఇటాలియన్ మాస్కుల కామెడీ పాత్రలు వచ్చి దాని పక్కన కూర్చున్నాయి.

ఈ సంబంధం గురించి రాసేవాళ్ళు మామూలుగా ఒక జాబితా ఇస్తారు. సినిమాలో పిసినారి ముసలాయన కనిపిస్తే పాంటలోనే, డాబులు కొట్టే సిపాయి కనిపిస్తే కపితానో, గడుసు పనిమనిషి కనిపిస్తే కొలంబీనా. ఇలా లెక్క కట్టుకుంటూ పోతే ఏ దేశపు సినిమానైనా ఇటలీకి ముడిపెట్టేయొచ్చు. నాకు ఆ పద్ధతి నచ్చదు. పిసినారులూ డాబురాయుళ్ళూ లేని ఊరు ఎక్కడుంది? అసలు సంగతి నటులు పని నేర్చుకున్న తీరులో ఉంది. ఒక వేషాన్ని జీవితాంతం పట్టుకుని ఉండటం, ఒంటితోనే కథ చెప్పడం, సంభాషణ రాసుకోకుండా సన్నివేశం కట్టడం. ఇవి ఎవరి ద్వారా ఎవరికి, ఏ ఊళ్ళ మీదుగా చేరాయో చూస్తే తప్ప ప్రభావం అనే మాటకి అర్థం ఉండదు.

మొదటి నుంచీ చూద్దాం. కొమేడియా దెల్లార్తె అని మనం ఇప్పుడు పిలిచే ఈ నాటకం పదహారో శతాబ్దపు ఇటలీలో పుట్టింది. 1545 ఫిబ్రవరి 25న పాడువాలో మఫియో అనే నటుడి నాయకత్వంలో ఎనిమిది మంది కలిసి నోటరీ ముందు ఒక ఒప్పందం రాసుకున్నారు. ఊరూరా తిరిగి నాటకాలాడాలి. సామాను మోయడానికి ఉమ్మడి డబ్బుతో ఒక గుర్రం కొనాలి. వచ్చిన సొమ్ము మూడు తాళాలున్న పెట్టెలో వేసి, తాళంచెవులు ముగ్గురి దగ్గర ఉంచాలి. ఎవరైనా జబ్బుపడితే ఖర్చు ఆ పెట్టెలోంచే తీయాలి. నాటకమే తిండి పెట్టే వృత్తిగా మారిందని చెప్పే తొలి కాగితాల్లో ఇదొకటి. 1564లో రోమ్‌లో రాసుకున్న ఇలాంటి మరో పత్రంలో సియెనాకి చెందిన లుక్రేజియా అనే స్త్రీ పేరు ఉంది. ఇంగ్లండులో ఆడవేషాలన్నీ మగపిల్లలే వేస్తున్న రోజుల్లో ఇటలీ ట్రూపుల్లో ఆడవాళ్ళు స్టేజీ మీద నిలబడ్డారు. ఇసబెల్లా ఆంద్రెయినీ లాంటి నటి 1604లో చనిపోయేనాటికి ఆమె పేరు ఫ్రాన్స్ దాకా తెలుసు.

ఊరు దాటితే యాస మారే దేశంలో తిరుగుతూ ఆడాలి కాబట్టి వాళ్ళు పాత్రలనే యాసలుగా విడగొట్టారు. డబ్బున్న ముసలి వర్తకుడు పాంటలోనే వెనిస్ యాసలో మాట్లాడతాడు. అన్నీ తెలిసినట్టు వాగే దొత్తోరే విశ్వవిద్యాలయం ఉన్న బొలోన్యావాడు. కపితానో చాలాసార్లు స్పెయిన్ సైనికుడు, ఎందుకంటే ఇటలీలో సగం అప్పట్లో స్పెయిన్ పెత్తనం కింద ఉంది. నౌకర్లని జాన్నీలు అనేవారు. వీళ్ళు బెర్గామో కొండల నుంచి కడుపు చేత్తో పట్టుకుని వెనిస్‌కి మూటలు మోయడానికి వచ్చిన కూలీల నకళ్ళు. ఇందులో మొదటి జాన్ని గడుసువాడు, పథకాలు వేస్తాడు. బ్రిగెల్లా ఆ రకం. రెండో జాన్ని అమాయకుడు, ఆ పథకాలని పాడు చేస్తాడు. ఆర్లెక్కీనో అక్కడ మొదలయ్యాడు. ప్రేమికులకి మాత్రం మాస్కు ఉండదు. చక్కటి టస్కనీ భాష మాట్లాడతారు, వాళ్ళు నవ్వించాల్సిన పనిలేదు. పెద్దవాళ్ళు పెళ్ళికి అడ్డుపడతారు, నౌకర్లు ఎలాగోలా గట్టెక్కిస్తారు.

మాస్కు తోలుతో చేసేవారు. నుదుటి నుంచి ముక్కు దాకా కప్పి నోరు వదిలేస్తుంది. దీనివల్ల నటుడికి మాట ఉంటుంది గాని ముఖంలో భావం పలికించే దారి ఉండదు. కోపమైనా, ఆకలైనా, భయమైనా మెడ, నడుము, మోకాళ్ళు చెప్పాల్సిందే. అందుకే ఒక్కో మాస్కుకి ఒక్కో నడక ఏర్పడింది. పాంటలోనే నడుం వంచి గడ్డం ముందుకి పొడిచి నడుస్తాడు. కపితానో ఛాతీ విరుచుకుని అంగలు వేస్తాడు, అలికిడి వినగానే అవే కాళ్ళతో వెనక్కి పారిపోతాడు. నటుడు వేషం కుదిరాక దాన్నే ఏళ్ళ తరబడి వేసేవాడు. ఇసబెల్లా భర్త ఫ్రాంచెస్కో ఆంద్రెయినీ అంటే జనానికి కపితానో స్పవెంతోనే.

సంభాషణలు రాసుకునేవారు కాదు. ఎవరు ఎప్పుడు వస్తారు, ఏం జరుగుతుంది అన్నది మాత్రం ఒకటి రెండు కాగితాల మీద ఉండేది. ఫ్లమీనియో స్కాలా 1611లో ఇలాంటి యాభై కథల ఎత్తుగడలని అచ్చు వేయించాడు. మిగతాదంతా స్టేజీ మీదే పుట్టాలి. అయితే అది గాల్లోంచి పుట్టేది కాదు. ప్రతి నటుడి దగ్గరా తరతరాలుగా సాన పెట్టిన హాస్య ఘట్టాలు ఉండేవి. వాటిని లాట్సీ అనేవారు. కథ ఎక్కడ చప్పబడితే అక్కడ ఒకటి దించేవారు. ఈగ ఘట్టం వాటిలో పేరున్నది. ఆర్లెక్కీనోకి ఆకలి. ఎగురుతున్న ఈగని కళ్ళతో వెంబడిస్తాడు, దొంగలా పొంచి పట్టుకుంటాడు, రెక్కలు ఒక్కొక్కటీ పీకి, విందుభోజనం చేసినంత శ్రద్ధగా నోట్లో వేసుకుంటాడు. స్టేజీ మీద ఈగ లేదు. ఆ ఈగ బరువూ రుచీ అన్నీ నటుడి వేళ్ళలోనే ఉన్నాయి.

ఆర్లెక్కీనో చేతి కర్ర కూడా అలాంటి సాధనమే. పిడి దగ్గర కలిపిన రెండు పల్చటి చెక్క బద్దలు. మెల్లగా తగిలించినా బద్దలు ఒకదానికొకటి కొట్టుకుని ఫట్‌మని చప్పుడొస్తుంది. దెబ్బ తగిలినవాడికి నొప్పి ఉండదు, చూసేవాళ్ళకి మాత్రం ఎముక విరిగినట్టు వినిపిస్తుంది. అమెరికాలో మూకీల కాలంలో వర్ధిల్లిన స్లాప్‌స్టిక్ కామెడీకి పేరు ఈ కర్ర నుంచే వచ్చింది. పేరుతో పాటు దాని వెనకున్న సూత్రం కూడా వచ్చింది. దెబ్బ పెద్దగా కనిపించాలి, వినిపించాలి, ఎవరికీ ఏమీ కాకూడదు.

ఇంతవరకూ ఇది మాటలున్న నాటకమే. మరి మూకీ సినిమాకి ఇది ఎలా సరిపోయింది? చాలామంది దాటవేసే చోటు ఇదే. ఈ పాత్రల నోరు మూయించింది చట్టం.

1697లో పద్నాలుగో లూయీ రాజు ఇటాలియన్ ట్రూపుని పారిస్ నుంచి వెళ్ళగొట్టాడు. రాజుగారి భార్య మదాం ద మాంతెనాన్‌ని వెక్కిరించే నాటకానికి సిద్ధపడ్డారన్నది అప్పట్లో వినిపించిన కారణం. ట్రూపు పోయినా పాత్రలు పోలేదు. సెయింట్ జెర్మేన్, సెయింట్ లారెంట్ సంతల్లో తాడు మీద నడిచేవాళ్ళూ గారడీవాళ్ళూ ఆర్లెకాన్ వేషాలు ఎత్తుకున్నారు. జనం అటు పరిగెత్తారు. ఫ్రెంచిలో నాటకాలు ఆడే హక్కు మాకే ఉందని రాజుగారి నాటకశాల కోర్టుకెక్కింది. సంతల్లో సంభాషణ కూడదని తీర్పు వచ్చింది. సరే, ఒక్కడే మాట్లాడతాడన్నారు. దానికీ అడ్డు తగిలారు. చివరికి 1710 ప్రాంతంలో నటులు మాట మానేసి, చెప్పాల్సింది పెద్ద అక్షరాలతో అట్టల మీద రాసి చూపించారు. తర్వాత ఆ అట్టలు పైనుంచి దిగేవి. వాటి మీదున్న చరణాలని తెలిసిన బాణీలో ప్రేక్షకులే పాడేసేవారు! నోరు మెదపకూడదన్నది నటుల మీద ఆంక్ష, జనం పాడకూడదని ఎవరూ అనలేదు కదా. మూకీల్లో నటుడు పెదాలు కదిపాక తెర మీద అక్షరాలు కనిపించే పద్ధతి చూసినప్పుడల్లా నాకు ఈ సంతలే గుర్తొస్తాయి.

లండన్‌లో కూడా ఇంచుమించు ఇదే జరిగింది. జాన్ రిచ్ అనే నటుడు పద్దెనిమిదో శతాబ్దం మొదటి సగంలో మాటల్లేని హార్లెక్విన్‌గా ఊరంతటినీ తన వైపు తిప్పుకున్నాడు. గుడ్డులోంచి హార్లెక్విన్ బయటికొచ్చే ఘట్టం ఆయనకి పేరు తెచ్చింది. 1737 చట్టం తర్వాత మాటలతో నాటకం ఆడే హక్కు కొద్ది థియేటర్లకే మిగిలింది. మిగతావాళ్ళు పాట, ఆట, మూకాభినయంతో నెట్టుకొచ్చారు. జోసెఫ్ గ్రిమాల్డి వచ్చేసరికి అందులో హార్లెక్విన్ వెనక్కి తగ్గి, తెల్లరంగు ముఖం, ఎర్రటి బుగ్గలతో క్లౌన్ ముందుకొచ్చాడు. దొంగతనం, తిండిపోతుతనం, అల్లరి, అన్నీ జాన్నీల ఆస్తే. పారిస్‌లో ఫునాంబ్యూల్ అనే చిన్న థియేటర్‌కి కూడా మాటల నాటకాలకి అనుమతి లేదు. అక్కడ జాన్ గాస్పార్ దెబ్యూరో పియరో వేషం కట్టాడు. పాత ఇటాలియన్ పెద్రొలీనో ఒక మొద్దు నౌకరు. దెబ్యూరో అతన్ని సన్నటి, తెల్లటి, మౌనంగా బాధపడే మనిషిగా మార్చాడు.

అంటే 1890ల్లో మాట లేని కెమెరా చేతికొచ్చేసరికి, మాట లేకుండా నవ్వించడంలో రెండు వందల ఏళ్ళ అనుభవం ఉన్న నటుల వంశం సిద్ధంగా ఉంది. సినిమా వాళ్ళకి మూకాభినయం నేర్పలేదు, నేర్చుకున్నవాళ్ళని పనిలో పెట్టుకుంది.

చాప్లిన్ ఆ వంశంవాడే. 1889లో పుట్టిన ఆయన చిన్నప్పుడే లండన్ హిప్పోడ్రోమ్‌లో సిండ్రెల్లా పాంటొమైమ్‌లో పిల్లి వేషం వేశాడు. 1908లో ఫ్రెడ్ కార్నో కంపెనీలో చేరాడు. మ్యూజిక్ హాళ్ళలో మాటల నాటకాల మీద అప్పటికీ ఆంక్షలున్నాయి, కార్నో పేరు తెచ్చుకున్నదే మాటల్లేని ప్రహసనాలతో. వాటిలో ఒకదానిలో చాప్లిన్ తాగుబోతు పెద్దమనిషిగా బాక్సు సీటులోంచి పదేపదే స్టేజీ మీద పడేవాడు. అదే వేషంతో అమెరికా టూర్‌కి వెళ్ళాడు. ఆ టూర్‌లో ఆయనకి ఏదైనా అయితే బదులు వేయడానికి సిద్ధంగా ఉన్న కుర్రవాడు తర్వాత స్టాన్ లారెల్ అయ్యాడు. ఇంత దగ్గరి బంధం ఉంది కాబట్టే లారెల్, హార్డీ జంటలో మొదటి జాన్ని, రెండో జాన్ని కనిపిస్తున్నారంటే నేను ఒప్పుకుంటాను. హార్డీ తనకే అన్నీ తెలుసనుకుని పథకం వేస్తాడు, లారెల్ దాన్ని ఎంతో శ్రద్ధగా పాటించి కొంప ముంచుతాడు.

1914 ఫిబ్రవరిలో తెర మీదికి వచ్చిన చాప్లిన్ ట్రాంప్ (దేశదిమ్మరి) వేషాన్ని ఒకసారి ముక్కలు చేసి చూడండి. వదులు ప్యాంటు, బిగుతు కోటు, చిన్న టోపీ, పెద్ద బూట్లు, వెదురు కర్ర, అతికించిన మీసం. ముఖం మీద తోలు మాస్కు లేదు గాని ఆ మీసం, ఆ నడక మాస్కు చేసే పనే చేస్తున్నాయి. సినిమా మారినా మనిషి మారడు. ఒకసారి పోలీసు, ఒకసారి వెయిటర్, ఒకసారి సిపాయి. స్కాలా కథల్లో ఆర్లెక్కీనో కూడా అంతే, యజమానులు మారతారు, ఉద్యోగాలు మారతాయి, అతను మారడు. ప్రేక్షకుడికి పరిచయం అక్కర్లేదు. మూల తిరిగి ఆ కర్ర కనిపించగానే హాలు నవ్వడం మొదలుపెడుతుంది.

పని తీరు కూడా అదే. చాప్లిన్ మొదట పనిచేసిన కీస్టోన్ స్టూడియోలో కథంటే కొద్ది వాక్యాల ఎత్తుగడ, మిగతాది కెమెరా ముందు కట్టుకోవాలి. చాప్లిన్ 1917లో ‘ది ఇమిగ్రెంట్’ తీసినప్పుడు హోటల్ సన్నివేశంతో మొదలుపెట్టాడు. చేతిలో డబ్బు లేకుండా తిండి తినే మనిషి, భయపెట్టే వెయిటర్. తీస్తూ తీస్తూ ఉండగా, ఈ మనిషి, ఆ అమ్మాయి ఎక్కడి నుంచి వచ్చారన్న ప్రశ్న వచ్చింది. అప్పుడు ఓడ, వలస వచ్చాయి. ముందు ఘట్టం, తర్వాత కథ. లాట్సీలతో బతికిన ట్రూపులకి ఇది చాలా మామూలు దారి.

ఇక ఆకలి. 1925లో వచ్చిన ‘ది గోల్డ్ రష్’లో మంచుకొండ మీద గుడిసెలో ఇద్దరు మనుషులు, తినడానికి ఏమీ లేదు. ట్రాంప్ తన బూటు ఉడకబెడతాడు. ఫోర్కు గుచ్చి ఉడికిందో లేదో చూస్తాడు. ప్లేటులో పెట్టి రసం పోస్తాడు. బూటు లేసుని ఫోర్కుకి స్పఘెట్టీలా చుట్టుకుని తింటాడు. మేకుల్ని ఎముకల్లా చీకి ప్లేటు అంచున పెడతాడు. షూటింగ్‌లో ఆ బూటు లికరిస్ అనే తీపి పదార్థంతో చేసినది, కానీ మనం చూసేది తోలే. ఇప్పుడు ఈగ ఘట్టం గుర్తు చేసుకోండి. తినకూడనిదాన్ని, పెద్దింటి విందులో కూర్చున్న మర్యాదతో, ఏ మాత్రం తొందర పడకుండా తినడం. చాప్లిన్ ఎక్కడో ఈగ ఘట్టం చూసి దీన్ని తీశాడని నేను అనను. ఆకలిని ఏడుపుగా కాకుండా క్రమశిక్షణగా చూపించే పద్ధతి ఆయన పెరిగిన వృత్తిలోనే ఉంది. పిల్లవాడిగా లండన్‌లో దిక్కులేని పేదలని ఉంచే వర్క్‌హౌస్‌లో గడిపిన మనిషి కాబట్టి ఆకలి ఆయనకి కొత్తగా ఎవరూ నేర్పక్కర్లేదు. దాన్ని నవ్వుగా మార్చే నైపుణ్యం మాత్రం పెద్దల నుంచి వచ్చింది.

ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. పోలిక ఉన్నంత మాత్రాన చుట్టరికం ఉన్నట్టు కాదు. మార్క్స్ బ్రదర్స్‌ని చూడండి. చీకో ఇటాలియన్ యాస, హార్పో మూగ అల్లరి, గ్రౌచో దొత్తోరేలా ఆగని వాగుడు, మీసం కూడా నిజంగానే రంగుతో గీసుకున్నది. 1935లో వచ్చిన ‘ఎ నైట్ ఎట్ ది ఒపేరా’లో అయితే నవ్వించాల్సిన పనిలేని ప్రేమజంట కూడా ఉంది. అచ్చం పాత నమూనా. కానీ వీళ్ళు పెరిగింది వాడెవిల్ అనే అమెరికన్ స్టేజీ వినోద ప్రదర్శనల్లో. అక్కడ వలస జనాల యాసలని వేషాలుగా కట్టేవారు. వెనిస్‌లో బెర్గామో యాస నవ్వించినట్టే న్యూయార్క్‌లో కొత్తగా దిగినవాళ్ళ యాస నవ్వించింది. ఒకే రకం పరిస్థితి ఒకే రకం వేషాలని పుట్టించిందని చెప్పడమే నాకు సరైనదనిపిస్తుంది. ఇటలీలోనే చూసినా, డాబు కొట్టే సైనికుడు కొమేడియా కన్నా పదిహేడు వందల ఏళ్ళ ముందే రోమన్ కవి ప్లౌటస్ నాటకంలో ఉన్నాడు.

మన సంగతీ అంతే. సంస్కృత నాటకాల్లో విదూషకుడు తిండి గురించే మాట్లాడతాడు. మన తోలుబొమ్మలాటలో కేతిగాడు, బంగారక్క, జుట్టుపోలిగాడు కథ మధ్యలో దూరి, రామాయణాన్ని కాసేపు పక్కన పెట్టించి, ఊరి యాసలో జనాన్ని నవ్వించి పోతారు. చూస్తే లాట్సీలే అనిపిస్తాయి. వీళ్ళకీ ఇటలీకీ సంబంధం లేదు, ఉండాల్సిన అవసరమూ లేదు. నిజంగా సంబంధం ఉన్న దారి వేరే. చాప్లిన్ ట్రాంప్‌ని రాజ్ కపూర్ 1950ల్లో ‘ఆవారా’, ‘శ్రీ 420’ సినిమాల్లో హిందీకి తెచ్చుకున్నాడు. తెలుగులో చిరంజీవి 1986లో ‘చంటబ్బాయ్’లో చాప్లిన్ వేషం కట్టాడు. ఆ టోపీ, కర్ర వెనక్కి వెళితే కార్నో, గ్రిమాల్డి, పారిస్ సంతల మీదుగా బెర్గామో దాకా దారి ఉంది.

ఇటలీలో అయితే ఇంత చుట్టు తిరగాల్సిన పని కూడా లేదు. నేపుల్స్‌లో పుల్చినెల్లా అనే మాస్కు ఎప్పుడూ చావలేదు. వంకర ముక్కు నల్ల మాస్కు, తెల్ల చొక్కా, అంతులేని ఆకలి. పందొమ్మిదో శతాబ్దంలో ఎదువార్దో స్కార్పెత్తా ఆ మాస్కు తీసేసి, ఫెలీచె అనే మధ్యతరగతి మనిషిని ఆ స్థానంలో నిలబెట్టాడు. ఆయన నాటకం ‘మిజేరియా ఎ నోబిల్తా’ని 1954లో మారియో మత్తోలి సినిమాగా తీసినప్పుడు ఫెలీచె వేషం తోతో అనే హాస్యనటుడు వేశాడు. రెండు కుటుంబాలు ఒకే ఇంట్లో ఆకలితో మాడుతూ ఉంటాయి. ఎక్కడి నుంచో వంటవాళ్ళు వచ్చి బల్ల మీద పెద్ద పళ్ళెం నిండా స్పఘెట్టీ పెట్టి పోతారు. ఎవరూ కదలరు. కుర్చీలు మెల్లగా, అంగుళం అంగుళం, బల్ల వైపు జరుగుతాయి. తర్వాత ఒక్కసారిగా అందరూ చేతులతో మీద పడతారు. తోతో బల్లెక్కి స్పఘెట్టీని గుప్పిళ్ళతో జేబుల్లో కుక్కుకుంటాడు. రేపు ఏం తినాలో తెలియనివాడు మాత్రమే తడి తిండిని కోటు జేబులో దాచుకుంటాడు. ఆ ఒక్క పనిలో జాన్ని బతుకంతా ఉంది. ఆకలి మీద తీసిన సన్నివేశాల్లో నాకు దీన్ని మించింది కనపడలేదు.

తోతో ముఖమే ఒక మాస్కు. పక్కకి ఒరిగిన గడ్డం, మెడని శరీరం నుంచి విడదీసినట్టు తిప్పే తీరు, కీళ్ళు ఊడిన బొమ్మలా చేతులు. ‘తోతో ఎ కొలోరి’లో ఆయన దారాలతో ఆడించే కీలుబొమ్మల గుంపులో కలిసి దారాలు తెగిన పినోకియోలా కుప్పకూలతాడు. దాదాపు వంద సినిమాల్లో నటించాడు. వాటిలో చాలావాటికి పేరులోనే తోతో అని ఉంటుంది. ఆర్లెక్కీనో ఇది చేశాడు, అది చేశాడు అని నాటకాలకి పేర్లు పెట్టిన పద్ధతి అదే.

మారియో మొనిచెల్లి ఇంకో అడుగు వేశాడు. 1958లో తీసిన ‘ఇ సొలితి ఇన్యోతి’లో రోమ్‌లో కొంతమంది చిల్లర దొంగలు ఒక తాకట్టు దుకాణానికి కన్నం వేయబోతారు. గుంపులో ఒక్కొక్కరిది ఒక్కో యాస. చెల్లెల్ని ఇంట్లో పెట్టి తాళం వేసే సిసిలీ అన్న, ఎప్పుడూ ఏదో నములుతూ ఉండే ముసలి కపన్నెల్లె, డాబుగా మాట్లాడి బాక్సింగ్‌లో ఒక్క దెబ్బకి పడిపోయే పెప్పె. పాఠం చెప్పే గురువు తోతో. ఎంతో ప్లాన్ చేసి రాత్రంతా కష్టపడి చివరికి తప్పు గోడ బద్దలు కొడతారు, అవతల వంటిల్లు ఉంటుంది. ఖజానా బదులు కుండలో పాస్తా, శనగలు దొరుకుతాయి. కూర్చుని తింటారు. మాస్కులు లేవు, ఊరు నిజమైన ఊరు, ఉద్యోగాలు లేని జనం నిజమైన జనం. నడిపించే యంత్రం మాత్రం పాతదే. ఇటాలియన్ కామెడీ సినిమాలకి దేశంలో అంత పట్టు దొరకడానికి నా దృష్టిలో ఇదే కారణం. దర్శకులు యుద్ధం తర్వాతి పేదరికాన్ని చూపిస్తున్నారు, ప్రేక్షకులకి ఆ మనుషుల్ని గుర్తుపట్టడం ముందే వచ్చు.

అదే మొనిచెల్లి 1966లో ‘లర్మాతా బ్రాంకలియోనె’లో విత్తోరియో గస్మన్ చేత ఒక దివాలా తీసిన వీరుడి వేషం వేయించాడు. ఛాతీ విరుచుకునే నడక, వంశం గురించి ఊకదంపుడు, సగం లాటిన్ సగం కల్పించిన భాష, వెనక నలుగురైదుగురు దరిద్రుల సైన్యం. ఫ్రాంచెస్కో ఆంద్రెయినీ చూస్తే తన వేషాన్ని వెంటనే గుర్తుపట్టేవాడు. అయితే ఈ కపితానోకి ఒక కొత్త గుణం ఉంది, అతను నిజంగానే ధైర్యం చేస్తాడు. డాబు వెనక పిరికితనం బదులు మొండితనం పెట్టారు. పాత వేషాన్ని ఎలా వాడుకోవాలో చెప్పడానికి నేను ముందు ఈ సినిమానే చూపిస్తాను.

మాస్కుల నాటకాన్నే నేరుగా కథాంశం చేసుకున్న సినిమాలు కూడా ఉన్నాయి. జాన్ రెన్వార్ 1952లో ‘ది గోల్డెన్ కోచ్’లో ఇటాలియన్ ట్రూపుని దక్షిణ అమెరికాకి పంపి, కొలంబీనా వేషం అన్నా మన్యానీకి ఇచ్చాడు. ఎత్తోరె స్కోలా 1990లో ఒక నాటక ట్రూపు ప్రయాణాన్ని తీసి మాస్సిమో త్రోయిజిని పుల్చినెల్లా చేశాడు. అన్నిటికన్నా లోతైనది మార్సెల్ కార్నే ‘లెజాన్‌ఫాఁ ద్యు పారదీ’. జర్మన్ ఆక్రమణ కాలంలో తీయడం మొదలుపెట్టి 1945లో విడుదల చేశారు. ఇందులో జాన్ లూయీ బారో దెబ్యూరో వేషం వేశాడు. దెబ్యూరో తండ్రిగా వేసిన ఎతియెన్ దెక్రూ నిజజీవితంలో బారోకి మూకాభినయం నేర్పిన గురువు. మొదట్లో ఒక వీధి సన్నివేశం ఉంది. జేబు కొట్టేశారన్న గొడవలో ఒక స్త్రీని పోలీసు పట్టుకుంటాడు. అరుగు మీద అప్పటిదాకా మొద్దులా కూర్చున్న తెల్లబట్టల కుర్రవాడు జరిగిందంతా చూశాడు. మాట్లాడకుండా, లావాటి పెద్దమనిషిని, అతని గడియారాన్ని, ఆ స్త్రీని, అసలు దొంగని ఒక్కొక్కరినే తన ఒంట్లోకి తెచ్చుకుని సాక్ష్యం చెబుతాడు. ఆమెని వదిలేస్తారు. మాట లేని నటన ఏం చేయగలదో ఇంతకన్నా తేటగా చూపించిన నిమిషాలు సినిమాలో అరుదు.

ఒక విషయంలో మాత్రం సినిమా ఈ సంప్రదాయానికి అడ్డుకట్ట వేసింది. నాటకంలో మాస్కు నటుడి కన్నా పెద్దది. ఒకరు పోతే ఇంకొకరు తగిలించుకుంటారు. 1947లో మిలాన్ పిక్కొలో థియేటర్‌లో దర్శకుడు జోర్జో స్ట్రెలర్, వెనిస్ నాటకకర్త గోల్డోనీ రాసిన ‘ఇద్దరు యజమానుల నౌకరు’ వేసినప్పుడు మార్చెల్లో మొరెత్తి ఆర్లెక్కీనో అయ్యాడు. మొదట్లో తోలు మాస్కు ఇష్టపడక ముఖానికి రంగు పూసుకునేవాడు, తర్వాత అమ్లేతో సర్తోరి చేసిన మాస్కుకి అలవాటు పడ్డాడు. 1961లో మొరెత్తి చనిపోయాడు. ఫెర్రుచ్చో సొలేరి అదే వేషం అందుకుని, అవే ఘట్టాలకి తనవి కలిపి, ఎనభై ఏళ్ళు దాటాక కూడా ఆడాడు. ఎవరూ అతన్ని మొరెత్తిని అనుకరిస్తున్నాడు అనలేదు, ఆర్లెక్కీనో వేస్తున్నాడన్నారు. సినిమాలో వేషం ఫిల్ము మీద ఒకే ఒక్కరి ముఖంతో నిలిచిపోయింది. చాప్లిన్ తర్వాత ఆ టోపీ పెట్టుకున్న ప్రతి ఒక్కరూ చాప్లిన్‌ని అనుకరించినవాళ్ళే అయ్యారు, ఎంత ప్రేమతో చేసినా సరే. చాప్లిన్ కూడా దాన్నుంచి సులువుగా బయటపడలేదు. ‘మోడరన్ టైమ్స్’తో ట్రాంప్‌కి వీడ్కోలు చెప్పి, 1947లో ‘మాన్సియర్ వెర్దూ’లో హంతకుడిగా వస్తే అమెరికా ప్రేక్షకులు మొహం తిప్పేసుకున్నారు. 1952లో ‘లైమ్‌లైట్’ తీసినప్పుడు, వయసు మళ్ళిన హాస్యనటుడి కథ మధ్యలో ఆయన ఒక బ్యాలే పెట్టాడు. అందులో కొలంబీన్ మంచం మీద చనిపోతూ ఉంటుంది, పక్కన హార్లెక్విన్, చుట్టూ క్లౌన్లు. ఆ క్లౌన్లలో ఒకడిగా, రంగు పూసుకుని, చాప్లిన్ తనే నిలబడ్డాడు.